ఆస్తి దావాలో మీ మాట కోర్టు చెవిన పడాలంటే: సమన్ల నుంచి అప్పీలు దాకా

కొన్నేళ్ల కిందట పాకాల పక్క పల్లె నుంచి ఒక పెద్దామె మా వకీలు ఆఫీసుకు వచ్చింది. కొంగున మూటగట్టిన కాగితం తీసి నా బల్ల మీద పెట్టింది. "నాయనా, ఊళ్లో గంగ జాతరని పోయింటే అమీను వచ్చి ఇది చేతిలో పెట్టినాడు. ఇల్లు వాళ్లకి అప్పజెప్పాలంట. నా మీద కేసుండాదని నాకే తెలీదే" అంది.

అమీను, అంటే కోర్టు కాగితాలు అందజేసే ఉద్యోగి, ఇచ్చింది ఈపీ (ఎగ్జిక్యూషన్ పిటిషన్) నోటీసు. అంటే దావా నడవడం, డిక్రీ రావడం, దాని అమలుకు పిటిషన్ పడటం అన్నీ అయిపోయాయి. దావా వేసింది మరిది కొడుకు. దావాలో ఆమెకు పెట్టిన అడ్రసు పల్లెలోని పాతింటిది. ఆమె అప్పటికి రెండేళ్లుగా తిరుపతిలో కూతురింట్లో ఉంటోంది, ఆ సంగతి దావా వేసినవాడికీ తెలుసు. తాళం పడిన తలుపుకు సమన్లు అంటించారు. తర్వాత పేపర్లో ప్రకటన, ఆ తర్వాత ఎక్స్‌పార్టీ డిక్రీ, అంటే ఆమె రాకుండానే ఇచ్చిన తీర్పు.

తిరుపతిలో వకీలు గుమాస్తాగా పనిచేస్తూ నేను చూసిందేమంటే, ఆస్తి కేసుల్లో చాలామంది న్యాయం లేక ఓడిపోరు, వాళ్ల మాట ఫైల్లోకి చేరక ఓడిపోతారు. జడ్జి గారికి మన ఊరు తెలియదు, మన పాలివాళ్ల గుణం తెలియదు. ఆయనకు తెలిసేదల్లా ముందున్న కట్టలో ఏముందో అదే. అందుకే ఏ మెట్టు దగ్గర ఏ కాగితం ఫైల్లోకి ఎక్కాలో వరసగా రాస్తున్నాను.

ముందు మన మాట కోర్టుకు వినిపించే హక్కు ఎక్కడి నుంచి వచ్చిందో రెండు ముక్కలు. రెండో పక్షం మాట వినకుండా తీర్పు చెప్పకూడదన్నది సహజ న్యాయం. రాజ్యాంగంలోని 14, 21 అధికరణలు దానికి అండ. 1978లో 44వ సవరణతో ఆస్తి హక్కు ప్రాథమిక హక్కుల జాబితాలోంచి పోయినా, 300ఎ అధికరణ కింద చట్టబద్ధంగా తప్ప ఎవరి ఆస్తినీ తీసుకోకూడదన్న రక్షణ ఉంది. కోల్‌కతా మున్సిపల్ కార్పొరేషన్ కేసులో 2024లో సుప్రీంకోర్టు ఈ అధికరణలో నోటీసు పొందే హక్కు, అభ్యంతరం వినిపించే హక్కు, కారణాలతో కూడిన నిర్ణయం పొందే హక్కు కలిసే ఉన్నాయని చెప్పింది. అది ప్రభుత్వం భూమి తీసుకునే సందర్భం. మనిషికీ మనిషికీ మధ్య నడిచే దావాల్లో ఈ హక్కును రోజువారీగా కాపాడేది 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్ (సీపీసీ).

సమన్లు వచ్చిన రోజు

అమీను వస్తే తలుపేసుకోవద్దు. మా దగ్గరికొచ్చే వాళ్లలో చాలామంది చేసే మొదటి తప్పు ఇదే. సంతకం పెడితే వాళ్ల మాట ఒప్పుకున్నట్టు అవుతుందని భయపడతారు. సంతకానికి కాగితం అందిందన్న అర్థం తప్ప ఇంకేమీ లేదు. రిజిస్టర్డ్ పోస్టు వెనక్కి తిప్పి పంపితే, అందినట్టే లెక్క వేసుకునే అధికారం కోర్టుకు ఉంది. అప్పుడు మీకు తెలియకుండానే కేసు ముందుకు పోతుంది.

తీసుకోండి. సంతకం కింద తేదీ, వీలైతే టైము కూడా రాయండి. సమన్లతో పాటు దావా నకలు రావాలి, అది లేకపోతే "దావా నకలు అందలేదు" అని అక్కడే రాసి సంతకం పెట్టండి. ఓఎస్ నంబరు (దావా నంబరు), కోర్టు పేరు, వాయిదా తేదీ ఒక నోటుపుస్తకంలో ఎక్కించుకోండి. తిరుపతిలో జూనియర్, సీనియర్ సివిల్ జడ్జి కోర్టులు, అదనపు జిల్లా కోర్టులు ఉన్నాయి, జిల్లా కోర్టు చిత్తూరులో ఉంది. ఏ కోర్టో సరిగ్గా చూసుకోకుండా తిరుపతి వాళ్లు తిరుపతిలోనే అనుకుని కూర్చుంటే, చిత్తూరులో పేరు పిలిచి పోతుంది.

మీరు ఇంట్లో లేనప్పుడు, త్వరలో దొరికే అవకాశమూ లేనప్పుడు, మీతో కలిసి ఉంటున్న మేజరైన కుటుంబసభ్యులకు సమన్లు ఇవ్వొచ్చు. ఆడవాళ్లకైనా సరే. వేరుకాపురం ఉన్న మరిదికి, పక్కింటివాళ్లకు, ఇంట్లో పనిచేసే మనిషికి ఇస్తే అది సరైన అందజేత కాదు. తలుపుకు అంటిస్తే, ఎందుకు అంటించాల్సి వచ్చిందో, ఇల్లు చూపించింది ఎవరో, ఎవరి సమక్షంలో అంటించారో అమీను రిపోర్టులో రాయాలి. ఈ రిపోర్టు చాలా విలువైన కాగితం, దాని సంగతి కింద చెబుతాను.

30 రోజులు, కాణిపాకం ప్రమాణం

సమన్లు అందిన నాటి నుంచి 30 రోజుల్లో జవాబు దావా వేయాలి. కారణం రాసి కోర్టు గడువు పెంచొచ్చు, 90 రోజుల దాకా. మామూలు సివిల్ దావాల్లో ఆ 90 రోజుల గడువు కూడా దాటితే ప్రాణం పోయినట్టేం కాదని, అసాధారణ కారణముంటే కోర్టు అనుమతించవచ్చని సుప్రీంకోర్టు 2005లో చెప్పింది. దాన్ని నమ్ముకుని కూర్చోవడం మాత్రం తెలివైన పని కాదు.

మన వైపు ఈ 30 రోజులు ఎక్కడ కరిగిపోతాయో నాకు తెలుసు. పెద్దమనుషులు పంచాయితీ పెడతారు. "కాణిపాకంలో ప్రమాణం చేస్తావా?" అని ఒకరు, "చేస్తా పద" అని ఇంకొకరు. వినాయకుడి మీద మన జిల్లా జనానికున్న నమ్మకం నాకూ ఉంది, రాజీ కుదిరితే అంతకన్నా మంచిదీ లేదు. కానీ పంచాయితీ జరుగుతోందని కోర్టు గడియారం ఆగదు. కోనేట్లో మునిగి చేసిన ప్రమాణం దావాకు జవాబూ కాదు. రాజీ మాటలు ఒకపక్క నడవనీయండి, వకాల్తా, జవాబు దావా ఇంకోపక్క పడిపోవాలి.

జవాబు దావా రాయించేటప్పుడు వకీలు పక్కన కూర్చోండి. "దావాలో చెప్పినవన్నీ అబద్ధం" అని ఒక్క వాక్యం రాస్తే సరిపోదు. ఏ పేరాలో ఏ సంగతి తప్పో విడివిడిగా కాదనాలి, కాదనని సంగతిని ఒప్పుకున్నట్టుగా కోర్టు తీసుకోవచ్చు. చెక్కుబందీ దగ్గర మరీ జాగ్రత్త. తూర్పు, పడమర, దక్షిణం, ఉత్తరం నాలుగు హద్దులూ మీ దస్తావేజుతో వేలు పెట్టి సరిచూడండి. మీ దగ్గరున్న దస్తావేజులు, ఈసీ (ఆస్తి లావాదేవీల సర్టిఫికెట్), అడంగల్, 1-బి లాంటి రెవెన్యూ రికార్డులు, పన్ను రసీదులు, డీకేటీ (ప్రభుత్వం ఇచ్చిన భూమి) పట్టా అయితే ఆ పట్టా, అన్నిటి జాబితా జవాబు దావాతోనే పెట్టించండి. తర్వాత పెట్టాలంటే కోర్టు అనుమతి అడగాలి, ఎందుకు ఆలస్యమైందో చెప్పాలి.

రెవెన్యూ ఆఫీసులోని దస్త్రం ఎప్పటికీ అక్కడే ఉంటుందన్న ధీమా వద్దు. 2024 జులైలో మదనపల్లె సబ్ కలెక్టర్ ఆఫీసులో మంటలు రేగి భూముల ఫైళ్లు కాలిపోయాయి. సర్టిఫైడ్ నకళ్లు ఇవాళే తీసుకుని ఇంట్లో పెట్టుకోండి.

వకీలు ఫీజుకు డబ్బు లేకపోతే ఆగిపోవద్దు. 1987 నాటి న్యాయసేవల చట్టం కింద ఆడవాళ్లకు, ఎస్సీ, ఎస్టీలకు, వికలాంగులకు ఆదాయంతో పని లేకుండా ఉచితంగా వకీలును ఇస్తారు. మిగతావాళ్లకు ఆదాయ పరిమితి ఉంటుంది. కోర్టు ఆవరణలోని న్యాయసేవాధికార సంస్థలో తెల్లకాగితం మీద అర్జీ ఇచ్చినా చాలు, 15100కు ఫోన్ చేసినా చెబుతారు.

మిమ్మల్ని వినకుండానే ఇంజంక్షన్ వస్తే

ఇంజంక్షన్ పిటిషన్‌లో (ఎదుటివాళ్లు ఫలానా పని చేయకుండా ఆపమని అడిగేది) ఎదుటివాళ్లకు నోటీసు ఇచ్చి విన్నాకే ఉత్తర్వు ఇవ్వాలన్నది మూలసూత్రం. ఆలస్యమైతే అసలు పనే చెడిపోతుందనిపిస్తే కోర్టు ముందే తాత్కాలిక ఉత్తర్వు ఇవ్వొచ్చు, కానీ ఎందుకిచ్చిందో కారణం రాయాలి. అలా తెచ్చుకున్నవాడు పిటిషన్, దావా, అఫిడవిట్, దస్తావేజుల నకళ్లు మీకు వెంటనే పంపి, పంపినట్టు అదేరోజో మర్నాడో కోర్టులో అఫిడవిట్ వేయాలి. ఆ పిటిషన్‌ను 30 రోజుల్లో తేల్చేందుకు కోర్టు ప్రయత్నించాలి. సీపీసీ 39వ ఆర్డరులో 3, 3ఎ రూల్సు ఇవే.

మీ వకీలును ఈ ప్రశ్నలు అడగండి: ఉత్తర్వులో కారణం ఉందా? నకళ్లు పంపిన అఫిడవిట్ ఫైల్లో ఉందా? 30 రోజులు దాటిందా? లోపం ఉంటే ఉత్తర్వు రద్దు చేయమని అదే ఆర్డరు 4వ రూల్ కింద పిటిషన్ వేయొచ్చు. ఎదుటివాడు ముఖ్యమైన సంగతి దాచి తెచ్చుకుంటే అది గట్టి కారణం.

దావా పడుతుందని ముందే పసిగడితే, ఉదాహరణకు లాయర్ నోటీసు వచ్చిందనుకోండి, సీపీసీ 148ఎ సెక్షన్ కింద కేవియట్ అనే ముందస్తు అర్జీ వేసుకోండి. అది 90 రోజులు ఉంటుంది. ఆలోగా వాళ్లు పిటిషన్ వేస్తే మీకు చెప్పకుండా ఉత్తర్వు అడగడానికి ఉండదు. 90 రోజులు అయ్యాక మళ్లీ వేసుకోవాలి, ఇది చాలామంది మరిచిపోతారు.

కమిషనర్ కొలతకు వచ్చినప్పుడు

హద్దు తగాదాల్లో స్థలం చూసి రిపోర్టు ఇవ్వడానికి కోర్టు ఒక వకీలును, అంటే అడ్వకేట్ కమిషనర్‌ను వేస్తుంది. ఆయన సర్వేయర్‌తో వచ్చి కొలుస్తారు. రెండు పక్షాలకూ తేదీ తెలియాలి, రెండు పక్షాలూ అక్కడ ఉండాలి. ఏమేం చూడాలో మీ వైపు నుంచి వర్క్ మెమో రాసి ఇవ్వండి: ఫలానా గట్టు, ఫలానా బావి, పాత రాయి, ఎఫ్‌ఎంబి (సర్వే కొలతల పుస్తకం) ప్రకారం కొలత. నోటితో చెప్పింది రిపోర్టులోకి వస్తుందో రాదో, మెమో మాత్రం ఫైల్లో ఉంటుంది.

పాత దస్తావేజుల్లో అంకణాల లెక్క ఉంటే ఒకటికి రెండుసార్లు చూడండి. తిరుపతి అంకణం 36 చదరపు అడుగులు, నెల్లూరు అంకణం 72. 2022 ఏప్రిల్ 4న తిరుపతి జిల్లా ఏర్పడినప్పుడు సూళ్లూరుపేట లాంటి పాత నెల్లూరు ప్రాంతాలూ ఇందులోకి వచ్చాయి కాబట్టి ఒకే జిల్లాలో రెండు లెక్కలు తగులుతాయి. 40 అంకణాలంటే ఒక లెక్కలో 1440 అడుగులు, ఇంకో లెక్కలో 2880. ఏ లెక్కో మెమోలోనే రాసివ్వాలి.

రిపోర్టు వచ్చాక అదే వేదవాక్కు కాదు. నకలు తీసుకుని అభ్యంతరాలు వేయండి. కోర్టు అనుమతితో కమిషనర్‌ను బోనులో ప్రశ్నించవచ్చు.

సాక్ష్యం: సంతకానికి ముందు చదివించుకోండి

ఇప్పుడు చీఫ్ (సాక్షి తన తరఫున చెప్పే మొదటి సాక్ష్యం) అంతా అఫిడవిట్ రూపంలోనే వేస్తారు. ఎదుటివాళ్ల చీఫ్ అఫిడవిట్ నకలు మీకు రావాలి, వాళ్లను క్రాస్ చేసే (ఎదురు ప్రశ్నలు వేసే) అవకాశం రావాలి. క్రాస్ అంటే మీ మాట ఎదుటివాడి నోటితో చెప్పించడం. వకీలుకు ఊరి సంగతులు తెలియవు కాబట్టి ముందురోజు ప్రశ్నలు మీరే రాసివ్వండి. ఎదుటివాళ్లు సరిపోని స్టాంపుతో, రిజిస్టరు కాని కాగితం పెడుతుంటే, దాన్ని మార్క్ చేసే (సాక్ష్యంగా నంబరు వేసే) క్షణంలోనే అభ్యంతరం చెప్పాలి. మార్కింగ్ అయిపోయాక స్టాంపు మాట ఎత్తినా వినరు.

ఇక్కడ మనవాళ్లు వాడుకోని హక్కు ఒకటుంది. మీరు తెలుగులో చెబుతారు, చాలా కోర్టుల్లో అది ఇంగ్లీషులో టైపవుతుంది. చిత్తూరు సరిహద్దు పల్లెల్లో తమిళమో కన్నడమో మాట్లాడేవాళ్లదీ ఇదే పరిస్థితి. రాసుకున్న భాష సాక్షికి రాకపోతే, రాసింది సాక్షి మాట్లాడిన భాషలో చెప్పి వినిపించాలని 18వ ఆర్డరు 6వ రూల్ చెబుతోంది. మన పెద్దామె కేసు తర్వాత మళ్లీ విచారణకు వచ్చినప్పుడు ఆమె బోనులో నిలబడి, "సామీ, నేను చెప్పింది నాకు తెలుగులో ఒకసారి చెప్పండి, ఆనక ఏలుముద్ర ఏస్తా" అంది. హాల్లో కొందరు విసుక్కున్నారు. జడ్జి గారు చదివించారు. మూడో వాక్యం దగ్గర ఆమె ఆపింది. "బావి తూరుపున కాదు సామీ, పడమట. తూరుపున ఉండేది దోవ." దిద్దారు. ఆ దావా మొత్తం ఆ బావి ఏ దిక్కునుందన్న దాని మీదే నడుస్తోంది.

వాయిదాలు

దావా విచారణలో ఒక పక్షానికి మూడుసార్లకు మించి వాయిదా ఇవ్వకూడదని కోడ్ అంటోంది. కోర్టుల్లో అంతకన్నా ఎక్కువే జరుగుతాయి, అయినా ఎదుటివాళ్లు సాగదీస్తుంటే ఖర్చులు వేయమని అడగడానికి అదే ఆధారం. మీ వైపు మాత్రం ఆ లెక్క మీద ఆధారపడొద్దు. ఈ-కోర్ట్స్ యాప్‌లో 16 అక్షరాలు, అంకెలున్న సీఎన్ఆర్ నంబరు (కేసు గుర్తింపు నంబరు) కొడితే తర్వాతి వాయిదా, ఆరోజు ఏమైందీ కనిపిస్తుంది. నెలకోసారి చూసుకోండి. "వకీలు చూసుకుంటాడులే" అన్న మాట వల్ల పోయిన ఆస్తులు నేను చూశాను. వకీలు తప్పుకు కక్షిదారును శిక్షించకూడదని 1981లో రఫీక్ కేసులో సుప్రీంకోర్టు అంది నిజమే. తర్వాతి కేసుల్లో మాత్రం మీరు కూడా కేసు ఆరా తీశారా అని కోర్టులు అడుగుతున్నాయి.

వకీలును మార్చుకోవాలనుకుంటే మార్చుకోవచ్చు. ఫీజు బాకీ అని ఫైలు ఆపే హక్కు వకీలుకు లేదని సుప్రీంకోర్టు 2000లో స్పష్టం చేసింది. నేను గుమాస్తానే అయినా ఈ మాట రాయడానికి నాకేం మొహమాటం లేదు.

ఎక్స్‌పార్టీ అయిపోతే

మూడు సందర్భాలు వేరువేరుగా చూడాలి.

మిమ్మల్ని ఎక్స్‌పార్టీ చేశారు కానీ డిక్రీ ఇంకా రాలేదు. 9వ ఆర్డరు 7వ రూల్ కింద పిటిషన్ వేసి, రాలేకపోయిన కారణం చెబితే మళ్లీ మొదటి నుంచి పాల్గొనవచ్చు. ఆ పిటిషన్ కొట్టేసినా, ఆ దశ నుంచి విచారణలో పాల్గొనే హక్కు పోదు, సాక్షులను క్రాస్ చేయొచ్చు. 1955లో సంగ్రామ్ సింగ్ కేసులో చెప్పిన ఈ సూత్రం ఇప్పటికీ నిలబడి ఉంది.

డిక్రీ వచ్చేసింది. అదే ఆర్డరు 13వ రూల్ కింద సెట్ ఎసైడ్ (డిక్రీ రద్దు) పిటిషన్ వేయాలి. సమన్లు సరిగా అందలేదని, లేదా రాలేకపోవడానికి తగిన కారణముందని చూపాలి. గడువు 30 రోజులు: మామూలుగా డిక్రీ తేదీ నుంచి, సమన్లే సరిగా అందకపోతే డిక్రీ సంగతి మీకు తెలిసిన రోజు నుంచి. అంతకన్నా ఆలస్యమైతే లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ కింద ఆలస్యాన్ని మన్నించమని వేరే పిటిషన్ జత చేయాలి. డిక్రీ అమలు ఆపమని స్టే పిటిషన్ కూడా అప్పుడే వేయాలి. మర్చిపోతే ఒకపక్క ఇది నడుస్తుంటే ఇంకోపక్క ఇల్లు చేజారిపోతుంది.

దావా వేసింది మీరే, వాయిదాకు పోక కొట్టేశారు. అదే 9వ ఆర్డరు 9వ రూల్ కింద 30 రోజుల్లో పునరుద్ధరణ పిటిషన్.

పెద్దామెకు మేం రెండోదే వేశాం. ముందుగా ఫైలులోంచి అమీను రిపోర్టు నకలు తెప్పించాం. అందులో "ఇంటికి తాళం, ఇరుగుపొరుగు చెప్పగా అంటించాను" అని ఉంది. ఏ ఇరుగుపొరుగో పేరు లేదు, సాక్షి సంతకం లేదు. ఆమె తిరుపతిలో ఉన్నట్టు గ్యాస్ పుస్తకం, కూతురి ఇంటి అడ్రసుతో ఆధార్, ఆస్పత్రి చీటీలు పెట్టాం. ఈపీ నోటీసు అందిన తేదీ నుంచి 11 రోజుల్లో పిటిషన్ పడింది. ఖర్చులు కట్టమని షరతు పెట్టి కోర్టు డిక్రీ రద్దు చేసింది. ఆ ఖర్చులు చెప్పిన తేదీలోగా కట్టి రసీదు మెమోతో ఫైల్లో వేశాం. షరతు తప్పితే గెలిచిన పిటిషన్ కూడా పోతుంది.

ఒక్క హెచ్చరిక. అందజేతలో చిన్న లోపముంది కాబట్టి డిక్రీ పోతుందని అనుకోవద్దు. వాయిదా తేదీ మీకు తెలుసని, వచ్చేందుకు టైము ఉందని తేలితే ఆ లోపాన్ని కోర్టు పట్టించుకోదు. అందుకే అబద్ధపు కారణం రాయించొద్దు.

దావా వేసేవాళ్లకూ ఇదే చెబుతాను. ఎదుటివాడి సరైన అడ్రసు తెలిసీ తప్పు అడ్రసు పెడితే, ఆ డిక్రీ మీద కట్టిన ఇల్లు ఇసుక మీద కట్టినట్టే. కోర్టును మోసం చేసి తెచ్చుకున్న డిక్రీ అసలు లేనట్టేనని చెంగల్వరాయ నాయుడు కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. ఆ మరిది కొడుకు కట్టిన కోర్టు ఫీజు, తిరిగిన ఏళ్లు అన్నీ వృథా అయ్యాయి. ఎదుటివాళ్ల మాట వినిపించాకే గెలవండి, ఆ గెలుపు నిలబడుతుంది.

తీర్పు వచ్చాక

తీర్పులో ఇరువైపుల కథ, తేల్చాల్సిన అంశాలు, నిర్ణయం, కారణాలు ఉండాలి. మీరు పెట్టిన ముఖ్యమైన దస్తావేజు గురించి ఒక్క మాటా లేకపోతే అదే అప్పీలుకు మంచి కారణం. జిల్లా కోర్టుకు అప్పీలు గడువు 30 రోజులు, హైకోర్టుకు 90 రోజులు. మొదటి అప్పీలులో సాక్ష్యం అంతా మళ్లీ చూడాలి. రెండో అప్పీలు అమరావతిలోని హైకోర్టులో ముఖ్యమైన చట్టపరమైన ప్రశ్న ఉంటేనే.

లోక్ అదాలత్‌లో రాజీ పడితే కట్టిన కోర్టు ఫీజు వెనక్కి వస్తుంది, తగాదా ఆ పూటతో తీరుతుంది. కానీ ఆ అవార్డు మీద అప్పీలు లేదు. చెక్కుబందీ, సెంట్లు, దారి హక్కు ఒక్కొక్కటీ తెలుగులో చదివించుకుని, ఇంట్లోవాళ్లకు చెప్పి, అప్పుడు సంతకం పెట్టండి. ఎవరో తొందరపెడితే తర్వాతి అదాలత్‌కు వస్తామని చెప్పే హక్కు మీకుంది.

తీర్పు చెప్పిన రోజే కాపీ అప్లికేషన్ వేసేయండి. నకలు తయారు కావడానికి పట్టిన రోజులు అప్పీలు గడువులోంచి తీసేస్తారు, కానీ అప్లికేషన్ వేయక ముందు మీరు ఊరికే పోగొట్టిన రోజులు తీసేయరు. నకలు చేతికొచ్చాక దాని మీద అప్లికేషన్ వేసిన తేదీ, నకలు సిద్ధమైన తేదీ ముద్రలో ఉంటాయి. వాటిని అక్కడే, కౌంటరు ముందు నిలబడే చూసుకోండి.